మునిగిపోయిన లంకల గురించి

గవర్రాజు సరంగు చెప్పే ఊళ్లన్నీ
మనం చూడకముందే మునిగిపోయినవే.
"ఎక్కడుందిరా అది?" అని ఎవరైనా నిలేస్తే
"మొన్నటి వరదకి కోసుకుపోయిందండి బాబూ" అనేవాడు.
గౌతమి సాక్ష్యం చెప్పదు కదా.
నాలుగు లంకలు మింగి రెండు కొత్తవి కక్కే ఏరది,
అబద్ధమాడేవాడికి అంతకన్నా గట్టి జామీను ఎక్కడ దొరుకుద్ది?

అప్పటికి వంతెన లేదు.
యానాం నుంచి ఎదుర్లంకకి లాంచీ,
దాని మీద టిక్కెట్లు చింపే కుర్రాణ్ణి నేను.
రూపాయిన్నరకే దేశాంతరం:
ఆ గట్టు మీద ఒక సర్కారు, ఈ గట్టు మీద ఇంకొకటి,
ఆ గట్టున చవకైన సీసా ఈ గట్టున నేరం.
నడుమ నీళ్లకి మాత్రం ఏదీ తెలీదు.

"నీడల్లంకలో దిగానండి ఓసారి.
పొద్దుగూకే వేళ ఎవడి నీడ పొడుగైతే
వాడే అక్కడ ప్రెసిడెంటు.
నిక్కి నిక్కి మునికాళ్లు కాయలు కాసేశాయండి వాళ్లకి.
మిట్టమధ్యాన్నం మాత్రం ఎవడూ గడప దాటడు,
నీడ కాళ్ల కిందకొచ్చి అసలు కొలత తెలిసిపోద్దని."
మా ప్రెసిడెంటు గారే ముందు నవ్వేవారు,
కండువా నోటికి అడ్డం పెట్టుకుని.

పులసలతో మాట్లాడానని కూడా అనేవాడు.
అవి అడిగాయట,
"మీలో ఏటికెదురీదేవాణ్ణి ఏం చేస్తారు?"
"పులుసు పెట్టుకుంటామండి" అన్నాడట,
"తిన్నాక శానా మెచ్చుకుంటాం."

మా వైపు దీన్ని ఎటకారం అంటారు.
తిడితే కొడతారు, బతిమాలితే వినరు,
అందుకని చందమామని చూపిస్తూ
చేదుమందు మింగించడం.
వేలు అటు, గరిట ఇటు.

ఆషాఢం, ఎర్రనీళ్లు.
ఇంజను దగ్గర పొగ కొట్టే మూల
గుల్లల బుట్టతో చోడమ్మ నేల మీద కూచుంది.
బల్లల మీద జాగా ఉంది.
ఉందని నాకు తెలుసు, లెక్క రాసేది నేనే.
గవర్రాజు చుక్కాని తిప్పుతూ మొదలెట్టాడు.

"కంచెలంకోళ్లు ఏట్లో దడి కట్టారండి.
ఎగువ రేవు నీళ్లు ఒకళ్లవి, దిగువ రేవువి ఇంకోళ్లవి.
దడి సందుల్లోంచి నీళ్లు దూరిపోతన్నాయని
జీతమిచ్చి కాపలా పెట్టారు.
దాటిన నీళ్లని పట్టుకుని
నువ్వెవరి నీళ్లు అని అడిగి
చెంబుతో వెనక్కి పొయ్యాలి వాడు.
ముప్పై ఏళ్లు పోశాడండి.
రిటైరైతే దండేసి, శాలువా కప్పారు కూడా."

లాంచీ లాంచీ అంతా ఘొల్లుమంది.
ఒకాయన కళ్లు తుడుచుకుంటూ,
"ఇంత ఎర్రి జనం ఉంటారట్రా! అదీ మునిగిపోయిందేనా?"

గవర్రాజు వెంటనే చెప్పలేదు.
తల తిప్పి బల్లలు చూశాడు,
చోడమ్మని చూశాడు,
చేతిలో టిక్కెట్ల కట్టతో ఉన్న నన్ను చూశాడు.
"లేదండి" అన్నాడు,
"అది మాత్రం తేలతానే ఉంది.
డీజిలు మీద నడుస్తంది."

కాసేపు ఇంజను చప్పుడొక్కటే.
చోడమ్మ నవ్విందో, దగ్గిందో
పొగలో తెలీలేదు.
నేను లేచి ఆమెని బల్ల మీదకి పిలిచానని
ఇక్కడ రాసుకుంటే బాగుండును.
చిల్లర లెక్కపెట్టుకున్నాను. రెండుసార్లు.

మర్నాటి నుంచి సరంగుని కథ అడిగినవాళ్లు తక్కువ.
అతనూ ఒడ్డు దిగడం మానేశాడు.
చేపల కంపు పర్లేదట, మనుషుల వాసనే పడటం లేదట.
లాంచీలోనే వండుకునేవాడు, అక్కడే పడుకునేవాడు.

ఇప్పుడు వంతెన మీద మూడు నిమిషాలు.
అద్దాలెత్తిన కార్లో మనవడు అడిగాడు,
"తాతా, కింద ఆ ఇసక దిబ్బ పేరేంటి?"
కొత్తగా తేలింది. ఎవరూ ఇంకా పేరు పెట్టలేదు.
గొంతు సవరించుకున్నాను.
"టిక్కెట్లంక" అన్నాను, "ఒకసారి దిగాన్రా.
అక్కడో కుర్రాడుండేవాడు,
చిల్లర మా బాగా లెక్కపెట్టేవాడు."